తెరమీద చెయ్యి

ఎర్రచుక్క వెలిగింది. పక్కన అంకెలు పరుగందుకున్నాయి, ఒకటి, రెండు, మూడు, ఇక గంటసేపు చెయ్యి సంగతి తలుచుకోకూడదు అనుకున్నాడు క్రేను ఆపరేటరు, అనుకున్నాడో లేదో ధ్యాసంతా వెళ్ళి చేతిమీదే కూర్చుంది. కోతిని తలుచుకోకుండా మందు మింగమన్న వైద్యుడు గొప్ప గడుసువాడు. ఇంట్లో ఎవరూ లేరు. భార్య కూతుర్ని వెంటబెట్టుకుని కళ్ళజోళ్ళ షాపుకి వెళ్ళింది, అక్కడ అద్దాలు కుదిరితే ఫ్రేము నచ్చదు, ఫ్రేము నచ్చితే మొహానికి నప్పదు, పన్నెండులోపు తెమలరు. ఇప్పుడు తొమ్మిదిన్నర. కూతురి గది, కూతురి కంప్యూటరు, కూతురి కుర్చీ. కుర్చీ ఆమె ఎత్తుకి బిగించి ఉంది, మోకాళ్ళు బల్లకి కొట్టుకుంటున్నాయి, పైకి లేపుకోవచ్చు, లేపితే మళ్ళీ వచ్చాక ఎవరు కూర్చున్నారని ఆరా తీస్తుంది, అందుకని అలాగే ముడుచుకుని కూర్చున్నాడు. దొంగతనమేమీ చెయ్యడంలేదు, సెలవురోజున సొంత ఇంట్లో ఒక మనిషి ఆట ఆడుకుంటున్నాడు, ఆడుకుంటూ దాన్ని రికార్డు చేసుకుంటున్నాడు, అంతే గదా. అంతే అయితే చెవులు వీధితలుపు మీదే ఎందుకున్నాయో మరి.

ఆట పాతది, మూడేళ్ళ కిందట కూతురే నేర్పింది. తెరమీద ఒక బల్ల, బల్లమీద రకరకాల కొయ్యముక్కలు. మౌసు కదిలిస్తే తెల్లటి చేతొడుగు వేసుకున్న చెయ్యి ఒకటి కదులుతుంది, దాంతో ముక్కని పట్టి, ఎత్తి, ఒకదానిమీద ఒకటి పేర్చుకుంటూ పోవాలి. మౌసు తడబడితే తెల్లచెయ్యి తడబడుతుంది, ముక్క జారితే మొత్తం కూలుతుంది. "పొద్దస్తమానం చేసేది ఇదేగా నాన్నా, ఇంటికొచ్చి కూడా ఇదేనా" అని అప్పుడు పన్నెండేళ్ళ పిల్ల పడీపడీ నవ్వింది. నవ్వుతూనే రికార్డు చేసింది. నిజం క్రేను నడిపేవాడు ఆట క్రేను నడుపుతుంటే జనం ఎగబడి చూస్తారని, చానెల్ పెడతానని. జనం ఎగబడలేదు, రెండువారాలకే చానెల్ అటకెక్కింది, వీడియోలు మాత్రం ఫోల్డరులో పడి ఉన్నాయి. అందులోనే ఉంది పదిహేడు ముక్కల గోపురం. తను లెక్కపెట్టలేదు, మర్నాడు కూతురే లెక్కపెట్టి చెప్పింది, పదిహేడు నాన్నా అని. అప్పట్నుంచి ఇంటికి ఎవరొచ్చినా ఆ పదిహేడు సంగతి ఏదో వంకన చెవినవేసి గానీ వదల్లేదు. ఇప్పుడు నాలుగో ముక్క పెడుతున్నాడు. తెల్లచెయ్యి ముక్క పక్కకి వచ్చి ఆగింది, ఆగిందా, ఆగినట్టే ఉంది, చూడకు, ఆట చూడు, చెయ్యిని చూడకు.

చూస్తే సర్దుకుంటుంది అది. అదీ దాని టక్కరితనం. అద్దం ముందు చాపి నిలబడితే బుద్ధిగా ఉంటుంది, మేస్త్రీ వస్తున్నాడని తెలిసిన కూలీ లాగా. అటు తిరిగితే చాలు, చొక్కా గుండీ దగ్గర, తాళంచెవి దగ్గర, సంతకం చివరి అక్షరం దగ్గర తన బుద్ధి చూపిస్తుంది. దానికి తెలియకుండా దాన్ని చూడాలంటే ఎలా అని వారంరోజులు బుర్ర బద్దలుకొట్టుకుంటే ఈ ఆట గుర్తొచ్చింది. ఆడుతున్నంతసేపూ మనసు ముక్కలమీద ఉంటుంది, చెయ్యి తన మానాన తను ఉంటుంది, రికార్డు చేసే కిటికీ ఒక మూల కూర్చుని అన్నీ రాసుకుంటుంది. తర్వాత తీరిగ్గా చూసుకోవచ్చు. తెల్లచెయ్యి ఎన్నిసార్లు తడబడిందో లెక్కపెట్టాలి. మూడేళ్ళ కిందటి వీడియో తీసి అందులో ఎన్నిసార్లో లెక్కపెట్టాలి. రెండూ ఒకటే అయితే రేపు నిశ్చింతగా డాక్టరు ముందు చేతులు చాపొచ్చు. ఒకటి కాకపోతే. ఆ మాటని వారం నుంచీ అక్కడే ఆపేస్తున్నాడు.

రేపు పదింటికి డాక్టరు. ఏటా ఒకసారి కంటిచూపు, చెవులు, రక్తపోటు, ఆఖర్న చేతులు. "రెండు చేతులూ ముందుకి చాపండి, వేళ్ళు విడదీయండి, కళ్ళు మూసుకోండి" అంటాడు, పది లెక్కపెడతాడు, లెక్కపెడుతూనే కాగితంమీద వెయ్యాల్సిన ముద్ర కోసం బల్లమీద వెతుక్కుంటాడు. ఆ కాగితం ఉంటేనే నిచ్చెన ఎక్కనిస్తారు. పది అంకెలసేపు చెయ్యిని ఎవడైనా ఆపగలడు. మోచేతులు డొక్కలకి ఆనించి, ఊపిరి బిగపట్టి, నాలుక పళ్ళ మధ్య నొక్కిపెడితే రాయిలా ఉంటుంది. కిందటేడు అలాగే చేశాడు, అంతకుముందు ఏడూ అలాగే. రెండుసార్లూ బయటికొచ్చి మెట్లమీద కూర్చుని, గెలిచానని మురిసిపోయాడు. ఎవర్ని గెలిచాడో ఆలోచించలేదు. క్రేను కింద పనిచేసేవాళ్ళు డెబ్భైమంది, వాళ్ళ తలలమీదుగా టన్నుల బరువు ఊపుకుంటూ పోయేది తను, పోయేది పది అంకెలసేపు కాదు, పొద్దుట్నుంచి సాయంత్రందాకా. ఏడో ముక్క జారింది. మొత్తం కూలింది. కొయ్యముక్కలు కూలే చప్పుడు ఈ ఆటలో భలే ఉంటుంది, నిజంగా కర్రలు పడ్డట్టే. మళ్ళీ మొదటినుంచి.

నాన్నకి కూడా చెయ్యే. సెలూను ఉండేది, రెండు కుర్చీలు, ఒకటి నాన్నది, ఒకటి పనివాడిది. నలభై ఎనిమిదో ఏట మొదలైంది, తనకిప్పుడు నలభై ఏడు, ఏడాది ముందే వచ్చిందని పోటీ పడాలా ఏమిటి. ముందు నురగ పూసే కుంచె వణికింది, అది ఎవరూ పట్టించుకోలేదు, నురగ ఎటు పూసినా నురగే. తర్వాత కత్తి. రోజూ వచ్చే లెక్కల మాస్టారికి చెవి కింద తెగింది, చిన్నగాటే, పటిక రాస్తే ఆగిపోయింది, "పర్లేదు పర్లేదు" అన్నాడాయన. మర్నాడు వచ్చి బల్లమీద కూర్చున్నాడు, నాన్న కుర్చీ ఖాళీగా ఉన్నా కూర్చునే ఉన్నాడు, రమ్మంటే "నాకు తొందర లేదులే, పేపరు చదువుకుంటాను" అన్నాడు, పనివాడి కుర్చీ ఖాళీ అవగానే లేచాడు. అలా ఒకడు, ఇంకొకడు, ఆర్నెల్లు తిరిగేసరికి నాన్న కుర్చీ ముందు అద్దంలో నాన్న ఒక్కడే కనబడేవాడు. అందరూ మర్యాదస్తులే. ఒక్కడంటే ఒక్కడు మొహం మీద చెప్పలేదు. నాన్న చచ్చిపోయేదాకా, ఆ పనివాడు ఏవో మాయమాటలు చెప్పి తన బేరాలు లాగేసుకున్నాడనే నమ్మాడు, వాడి పెళ్ళికి కూడా వెళ్ళలేదు. పాపం వాడు, ఏం చేశాడు వాడు, గడ్డాలు గీశాడు. నలుగురిలో ఒక్కడు నోరు విప్పి ఉంటే నాన్న ఇంకో పని చూసుకునేవాడు, కనీసం ఒక అమాయకుణ్ణి తిట్టుకుంటూ పోయేవాడు కాదు. నా దగ్గర అలా జరగదు, నాకు చెప్పేవాళ్ళు ఉన్నారు అని తనకెప్పుడూ ధీమా. పెళ్ళాం నోటికి దడిలేదు. కూతురు దానికి తగ్గ కూతురు. కింద ఈలగాడు ఉండనే ఉన్నాడు. వాళ్ళెవరూ ఏమీ అనలేదంటే ఏమీ లేదనేగా.

ఈలగాడు అంటే కింద నిలబడి సైగలు చేసేవాడు. వాకీటాకీలు రాకముందు ఈలవేసి చెప్పేవాడు, ఆ పేరు అలా ఉండిపోయింది. పైన గాజుగదిలో కూర్చుంటే కొక్కెం ఎక్కడ దిగుతోందో సగంసార్లు కనబడదు, వాడి గొంతే కళ్ళు. "కిందికి గురూ, కిందికి, ఇంకొంచెం, మెల్లగా, మెల్లగా, చాలు." పదకొండేళ్ళుగా ఆ గొంతే. వాడికి ఆ పని నేర్పింది తనే, ఏ బరువుకి ఎంత దూరం, ఏ గాలికి ఎంత జాగ్రత్త, అన్నీ. మొదట్లో మొండిఘటం, జనం దగ్గరగా ఉన్నా పోనిచ్చేవాడు, ఇప్పుడేమో మరీ పిరికివాడైపోయాడు, రెండు మూడేళ్ళ నుంచి కొక్కెం కదిలితే చాలు ఆవరణంతా ఖాళీ చేయిస్తున్నాడు, అన్నం తింటున్నవాళ్ళని కూడా లేపి తోలేస్తున్నాడు, వయసొస్తే భయం వస్తుందిలే అని పైనుంచి నవ్వుకున్నాడు. నాలుగునెలల కిందట ఊచల కట్ట ఒకటి దింపేటప్పుడు విసురుగా పోయి గోడమూలకి కొట్టుకుంది. మీట అనుకున్నదానికంటే ఒక్క వేలు మందం ఎక్కువ కదిలింది, అంతే. ఊచలు వంచేవాడు రోజూ ఆ మూలనే క్యారియరు విప్పుకుంటాడు. ఆరోజు లేడు. అదృష్టం బాగుంది అని వాకీలో అంటే, ఈలగాడు "ఆ గురూ" అన్నాడు, ఇంకేమీ అనలేదు. తొమ్మిదో ముక్క. పదో ముక్క. పదకొండో ముక్క అంచుమీద నిలబడి, ఆలోచించుకుని, పడింది.

గంట ఆరునిమిషాల దగ్గర ఆట ఆపేశాడు. రికార్డింగు ఆపడం ఎప్పటిలాగే మరిచిపోయి, లేచి మంచినీళ్ళు తాగొచ్చి, అంకెలు ఇంకా పరిగెత్తుతుంటే చూసి ఆపాడు. "ఆట ఆపితే సరిపోదు నాన్నా, రికార్డింగు కూడా ఆపాలి" అని ఆ పిల్ల ఎన్నిసార్లు మొత్తుకుందో, లైటు ఆర్పకుండా గది బయటికొచ్చే మనిషికి ఇదొక లెక్కా. ఇప్పుడు చూడాలి. చూడకుండా చెరిపేస్తే ఎవరికి తెలుస్తుంది. చూశాడు. మొదటి ఐదునిమిషాలు పర్లేదు. తర్వాత తెల్లచెయ్యి ముక్క దగ్గరికి వచ్చిన ప్రతిసారీ, పట్టుకోబోయే ముందు, సన్నగా, అటూ ఇటూ, అటూ ఇటూ. ఆడుతున్నప్పుడు తనకి తెలియనే లేదు. నిశ్చలంగా పెట్టాననుకున్న ముక్కలు కూడా నిశ్చలంగా పెట్టలేదు. పాతిక దాకా లెక్కపెట్టి మానేశాడు. నిచ్చెన మెట్టు అందుతుందనుకుని కాలు వేస్తే అందనట్టయింది. సరే, సరే, తొందరపడకు, పాతది కూడా ఇలాగే ఉండొచ్చు, మౌసు ఆటలో అందరికీ ఇలాగే ఉంటుందేమో, చూస్తేగా తెలిసేది.

పాత ఫోల్డరు తెరిచాడు. పదిహేడు ముక్కల రోజు వీడియో మిగతావాటికంటే చాలా పొడుగుంది, మూడుగంటలకి కాస్త తక్కువ, ఆరోజు కూడా ఆపడం మరిచిపోయి ఉంటాడు. నడిపించాడు. మూడేళ్ళ కిందటి తెల్లచెయ్యి తెరమీదకి వచ్చింది, ముక్క దగ్గర ఆగింది, అటూ ఇటూ, అటూ ఇటూ. ఇవాళ్టి అంత లేదు. ఉంది మాత్రం. అదే వణుకు, చిన్నప్పటి ఫోటోలో తన మొహం తను గుర్తుపట్టినట్టు గుర్తుపట్టాడు. అంటే కిందటేడూ, అంతకుముందేడూ, అంతకుముందు కూడా. పోల్చుకోవడానికి మంచిచెయ్యి ఒకటి దొరుకుతుందని కూర్చుంటే అదే లేదు. పద్నాలుగు, పదిహేను ముక్కలు లేచాయి, అక్కడ తన ఫోను మోగడం వినిపించింది, "ఇప్పుడే వస్తున్నా" అంటూ తన గొంతు, కుర్చీ కిర్రుమనడం, తలుపు. ఆ రోజు ఏదో బరువు ఆగిపోయిందని సైటుకి పిలిచారు, గుర్తుంది. తెరమీద పదిహేను ముక్కలు కదలకుండా నిలబడి ఉన్నాయి. పదిహేనే. మరి పదిహేడు ఎప్పుడయ్యాయి. ఆపబోయిన మనిషి ఆపకుండా ముందుకి జరిపాడు, ఇంకొంచెం జరిపాడు. తెర అలాగే ఉంది, మైకు మాత్రం పనిచేస్తూనే ఉంది, ఇంట్లో ఎక్కడో గిన్నెల చప్పుడు, కుళాయి, తర్వాత కూతురి గొంతు, ఇప్పటికంటే సన్నగా, పక్కనే నిలబడి మాట్లాడినంత స్పష్టంగా.

"అమ్మా, ఇందాక వెనకాల నిలబడి చూశాను. నాన్న చెయ్యి వణుకుతోంది."

గిన్నెల చప్పుడు ఆగింది. అడుగులు గదిలోకి వచ్చాయి.

"నాన్నతో అన్నావా?"

"లేదు. అననా?"

"అనకు. నేనూ చూశాను. నెల దాటింది చూసి. గ్లాసు పట్టుకుంటే తొణుకుతోంది, అందుకే టీ సగం గ్లాసే పోస్తున్నాను."

"మరి క్రేను ఎక్కితే?"

"ఆ ఈలాయన్ని కలిసి అడిగాను. నేను చూసుకుంటాను వదినా, కింద ఒక్క మనిషి లేకుండా చేస్తాను, మీరు బెంగపడకండి అన్నాడు."

"నాన్నకే చెప్పేస్తే పోలా?"

పెళ్ళాం చాలాసేపు మాట్లాడలేదు. నోటికి దడిలేని మనిషి అంతసేపు మాట్లాడకుండా ఉండటం పద్దెనిమిదేళ్ళ కాపురంలో వినలేదు. "మీ తాతకి ఎవరూ చెప్పలేదని మీ నాన్నకి కోపం. నిజమే. కానీ చెప్తే ఏమయ్యేదో ఆయన చూడలేదుగా. క్రేను దిగితే మీ నాన్న ఎలా ఉంటారో నాకు తెలుసు, ఒక్క వారం వానలకి పని ఆగితేనే మనిషి గోడలకేసి చూస్తూ కూర్చుంటారు. ఆయనంతట ఆయనే చెప్తారు. అప్పటిదాకా నువ్వు చూడలేదు, నేను చూడలేదు."

"ఎప్పుడు చెప్తాడు?"

"చెప్తారులే."

అడుగులు వెళ్ళిపోయాయి. కుర్చీ మళ్ళీ కిర్రుమంది, తేలిగ్గా, చిన్నపిల్ల కూర్చున్నట్టు. ఆపేసిన ఆట కదిలింది. తెల్లచెయ్యి వచ్చింది, ఏ తడబాటూ లేకుండా ఒక ముక్క తీసి పైన పెట్టింది, ఇంకొకటి తీసి దానిమీద పెట్టింది. పదహారు, పదిహేడు. పెట్టాక కాసేపు ఆ గోపురం పక్కనే ఉండి, మెల్లగా అంచుకి జరిగి తెరమీంచి వెళ్ళిపోయింది.

వీడియో ఇంకా నడుస్తూనే ఉంది, ఆపరేటరుకి దాన్ని ఆపడానికి చెయ్యి రాలేదు. సగం గ్లాసు. చక్కెర తగ్గించాలి అనేది ఆమె, వయసు మీద పడుతోంది అనేది, పీనాసితనం నేర్చుకున్నావు అని తను వెక్కిరిస్తే మూతి తిప్పుకుని పోయేది, మూడేళ్ళుగా ఒక్కసారన్నా గ్లాసు నిండా పోసిందా, పొయ్యలేదు. గుండీల చొక్కాలు బీరువాలో అడుక్కి పోయి మెడలోంచి వేసుకునేవి పైకి వచ్చాయి. బడి కాగితాలమీద సంతకానికి కూతురు అమ్మ దగ్గరికే వెళ్ళేది. ఏ కారణం చెప్పినా నమ్మాడు, నమ్మడం సుఖంగా ఉండి నమ్మాడు. చెప్పేవాళ్ళు ఉన్నారన్న ధీమా ఎక్కడికి పోయింది. వాళ్ళు నాన్న కుర్చీ వదిలేసి పోయిన మర్యాదస్తుల్లాంటి వాళ్ళు కాదు, వాళ్ళు తన కుర్చీ చుట్టూ చేరి పట్టుకుని నిలబడ్డారు, ఆ తేడా ఉంది, తేడా ఉన్నా దిగాల్సింది తను, చెప్పాల్సింది తను. ఈలగాడు పిరికివాడైపోయాడట. నలభై మీటర్ల ఎత్తున కూర్చుని నవ్వుకున్నాడు. ఆ రోజు ఊచలు వంచేవాణ్ణి మూలలోంచి ఎవరు లేపారో ఇప్పుడు అడగక్కర్లేదు. పైన తను బాగా నడుపుతున్నానని మురిసిన ప్రతి రోజూ కింద ఒకడు డెబ్భైమందిని పక్కకి తోలుతూ, తిట్లు తింటూ, నెత్తిన కొక్కెం పెట్టుకుని తిరిగాడు. సిగ్గుతో చెవులు కాలిపోయాయి. ఒంటరిగా ఉన్న గదిలో మనిషికి ఇంత సిగ్గు వేస్తుందని తెలియదు.

ఫోను తీశాడు. నెంబరు నొక్కబోతే ఒకటికి బదులు నాలుగు పడింది, చెరిపి మళ్ళీ నొక్కాడు.

"ఏం గురూ, సెలవురోజు కూడా నా గొంతు వినందే తెల్లవారదా నీకు?" అన్నాడు ఈలగాడు.

"ఒకటి అడుగుతాను, సూటిగా చెప్పు. జనాన్ని ఎందుకంత దూరం తోలుతున్నావు?"

"గాలి గురూ. ఈమధ్య పైన గాలి ఎక్కువగా ఉంటోందిగా."

"గాలి లేనిరోజున?"

అవతల టీవీ మోగుతోంది, ఎవరో దాన్ని తగ్గించారు, వాడే తగ్గించి ఉంటాడు.

"వదిన చెప్పిందా?" అన్నాడు చివరికి.

"ఆవిడ ఏమీ చెప్పలేదు. నాకే తెలిసింది. రేపు డాక్టరుకి నిజం చెప్తాను. పది కాదు, వంద లెక్కపెట్టమంటాను. ఇక నేను పైకి ఎక్కను."

అయ్యో గురూ అంటాడనుకున్నాడు. ఇన్నేళ్ళ స్నేహితుడు, అంతమాత్రం అనాలి, ఇంకొక్క ఏడాది చూడమనాలి, నీలాంటివాడు మళ్ళీ దొరకడనాలి. వాడు హమ్మయ్య అన్నాడు. అనాలని అన్నది కాదు, నోట్లోంచి జారిపోయింది, పాతాళంలోంచి వచ్చినంత పొడుగ్గా. ఆ వెంటనే తడబడి, "అంటే, నా ఉద్దేశం అది కాదు గురూ" అన్నాడు.

"అదే నీ ఉద్దేశం. ఫర్వాలేదు, చెప్పు."

"ఏం చెప్పను? రోజూ పొద్దున్నే వచ్చేటప్పుడు, ఇవాళ ఎవడి ఇంటికి వెళ్ళి కబురు చెప్పాల్సొస్తుందో అనుకుంటూ వచ్చేవాణ్ణి. రాత్రి కన్నుమూస్తే నీ కొక్కెం కనబడేది. మా ఆవిడ డాక్టరుకి చూపించుకోమని గొడవ. ఏమని చూపించుకోను?"

"నాతో అనొచ్చుగా."

"ఎలా అంటాను గురూ, ఈ పని నేర్పింది నువ్వు." వాడు ఆవులించడం వినిపించింది. "ఏమనుకోకు. నిద్ర ముంచుకొస్తోంది. పడుకోనా?"

"పడుకో" అన్నాడు ఆపరేటరు.

ఫోను పెట్టెయ్యడం కూడా మరిచిపోయాడు వాడు. మంచం కిర్రుమంది. "నన్ను లేపొద్దు" అని ఇంట్లో ఎవరితోనో అన్నాడు, ఆవిడ ఏదో అడిగితే "అంతా బాగానే ఉంది" అన్నాడు. పదకొండున్నర కూడా కాలేదు. ఆపరేటరు ఫోను చెవికి ఆనించుకుని, అవతల ఆ మనిషి ఊపిరి నెమ్మదించి, గురక మొదలయ్యేదాకా వింటూ కూర్చున్నాడు.